గొంతు ముందు, బొమ్మ తర్వాత
(సురభి కమలాబాయి స్మారక ఉపన్యాసం, బిచ్కుంద)

సురభి కమలాబాయి స్మారకోపన్యాసం బిచ్కుందలో జరగడమేమిటని ఎవరికైనా అనుమానం రావచ్చు. ఆమెది ఈ ఊరు కాదు, ఈ జిల్లా కాదు. కానీ ఆమె పుట్టిన సురభి కుటుంబాలు ఆరె మరాఠీలు. మహారాష్ట్ర నుంచి తెలుగు నేలకు తరలివచ్చి, తోలుబొమ్మలాడించి పొట్టపోసుకుని, చివరకు తెలుగు పద్యాన్నే బతుకుతెరువు చేసుకున్నవాళ్ళు. మంజీర పక్కన, మహారాష్ట్రకూ కర్ణాటకకూ దగ్గరగా, ఇంట్లో ఒక భాష, అంగట్లో మరో భాష మాట్లాడుకునే ఈ ప్రాంతం వారికి అలాంటి బతుకును విడమరిచి చెప్పనక్కర్లేదు. ఒక భాషలో పుట్టి మరో భాషకు గొంతునిచ్చిన మనిషిని తలుచుకోవడానికి సరిహద్దు ఊరి కంటే తగిన చోటు ఏముంటుంది?

కమలాబాయి గురించి పాఠ్యపుస్తకాల్లోనూ, క్విజ్ పోటీల్లోనూ ఒకే ఒక్క వాక్యం వినిపిస్తుంది: తొలి తెలుగు టాకీ కథానాయిక. అది నిజమే. బొంబాయిలోని ఇంపీరియల్ ఫిలిం కంపెనీ తరఫున అర్దేషిర్ ఇరానీ నిర్మించగా హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వం వహించిన ‘భక్త ప్రహ్లాద’లో ఆమె లీలావతి. మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడు, సింధూరి కృష్ణారావు ప్రహ్లాదుడు. ఆ సినిమా 1931 సెప్టెంబరు 15న విడుదలైందని చాలాకాలం నమ్మాం. పరిశోధకులు రెంటాల జయదేవ పాత పత్రికలు, సెన్సారు వివరాలు వెదికి, అసలు విడుదల 1932 ఫిబ్రవరి 6న బొంబాయి కృష్ణా సినిమాలో అని తేల్చారు. తేదీ సరిదిద్దుకోవడం మంచిదే. అయితే ‘తొలి’ అనే మాట చుట్టూ ఇంత చర్చ నడిచినా, ఆ లీలావతి ఎవరు, ఏ చదువుతో ఆ స్టూడియోలో అడుగుపెట్టింది, ఆ తర్వాత ఏమైంది అన్న ప్రశ్నలు అడిగినవారు తక్కువ. ‘తొలి’ అన్న బిరుదు ఒక్కోసారి మనిషిని లాటరీ గెలిచినవాళ్ళ వరసలో నిలబెడుతుంది, ఏదో అదృష్టం కొద్దీ ఆ రోజు ఆమె అక్కడ ఉన్నట్టు. ఈ ఉపన్యాసంలో నేను చెప్పదలచుకున్నది దానికి విరుద్ధం. తెలుగు టాకీ పుట్టేనాటికే ఆడవాళ్ళు గొంతుతో పాత్ర పోషించే వృత్తి ఒకటి సంగీత నాటకరంగం మీద పూర్తిగా తయారై ఉంది. సినిమా ఆ వృత్తిని సిద్ధసరుకుగా తీసుకుంది, వాడుకుంది, తర్వాత పాటను ఒకరికీ ముఖాన్ని ఒకరికీ పంచి, ఆ వృత్తినే రెండు ముక్కలు చేసింది. కమలాబాయి జీవితం ఈ మూడు దశలకూ సాక్ష్యం.

మొదటి దశ తోలుబొమ్మల తెర వెనక మొదలవుతుంది. తోలుబొమ్మలాటలో బొమ్మ ఆడేది తెర మీద, కానీ కథ నడిచేది వెనకనున్న గొంతుల్లో. సీతకో, ద్రౌపదికో ఆ కుటుంబంలోని స్త్రీ పాడుతుంది, మాట్లాడుతుంది, ఏడుస్తుంది. ప్రేక్షకులకు ఆమె ముఖం కనిపించదు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో వనారస గోవిందరావు బంధువులతో కలిసి ‘కీచకవధ’ ఆడినప్పుడు జరిగిన పెద్ద మార్పు తోలుబొమ్మల స్థానంలో మనుషులు రావడం. ఆ తర్వాత ఆ కుటుంబాల స్త్రీలు స్త్రీ పాత్రలను తామే వేయడం అంతకంటే పెద్ద మార్పు. ఆ రోజుల్లో తెలుగు నాటక సమాజాల్లో మగవాళ్ళే చీర కట్టి రంగమెక్కేవారు. సురభి స్త్రీలు రంగం మీదికి వచ్చింది సంస్కరణ ఉద్యమ ఫలితంగా మాత్రమే అనుకుంటే పొరపాటు. తరతరాలుగా తెర వెనక పాడుతున్న గొంతు తెర ముందుకు నడిచివచ్చింది. వాళ్ళకు కొత్తగా నేర్చుకోవలసింది నడక, చూపు, వేషం. పాత్రను గొంతుతో మోయడం పుట్టుకతోనే ఉంది. సంగీత నాటకానికి కావలసిన అసలు పెట్టుబడి అదే.

కమలాబాయి పుట్టుక గురించి సురభివారిలో ఒక కథ ప్రసిద్ధం. 1907లో నిండు గర్భిణిగా ఉన్న తల్లి దమయంతి వేషంలో ఉండగా రంగస్థలం మీదే ప్రసవం జరిగిందని, ప్రేక్షకులు అది కూడా నాటకంలో భాగమే అనుకున్నారని, సంగతి తెలిశాక డబ్బు కురిపించారని చెబుతారు. ఈ కథను అందరూ విచిత్రంగానో, కళామతల్లి దీవెనగానో చెప్పుకుంటారు. దాని లోపల ఉన్న సత్యం మరొకటి. నెలలు నిండిన స్త్రీ ఆ రాత్రి పద్యాలు పాడుతూ పనిలో ఉంది. ఆమె ఆగితే ఆట ఆగుతుంది; ఆట ఆగితే కుటుంబానికి కూడు ఆగుతుంది. కథలోని ప్రతి వివరమూ అక్షరాలా జరిగిందా లేదా అన్నది పక్కన పెట్టినా, ఆ సమాజం తన గురించి తాను చెప్పుకోవడానికి ఆ కథను ఎంచుకుందంటే స్త్రీ శ్రమ అక్కడ ఎంత కేంద్రంగా ఉండేదో తెలుస్తుంది. అలాంటి కంపెనీలో పిల్లలకు బడి అంటే రంగస్థలమే. కమలాబాయి బాలపాత్రలతో మొదలుపెట్టి నాయిక పాత్రల దాకా ఎదిగారు. మైకు లేని కాలంలో చివరి వరసలో నేల మీద కూర్చున్నవాడికి వినిపించేలా, హార్మోనియం శ్రుతి తప్పకుండా, రాత్రంతా పద్యం పాడడం అక్కడి కనీస అర్హత. ‘వన్స్‌మోర్’ అంటే అదే పద్యం, అదే బిగువుతో మళ్ళీ పాడాలి. దానికి గొంతు బలం, శ్వాస మీద పట్టు, వందల పద్యాల ధారణ కావాలి. అవి ఏళ్ళ తరబడి చేసిన సాధనతోగాని రావు.

ఇక టాకీకి ఏం కావలసి వచ్చిందో చూద్దాం. 1931 మార్చి 14న బొంబాయిలో తొలి భారతీయ టాకీ ‘ఆలం ఆరా’ విడుదలైంది. అప్పటికి డబ్బింగు లేదు, నేపథ్యగానం వాడుకలోకి రాలేదు. బొమ్మనూ శబ్దాన్నీ ఒకేసారి పట్టాలి. మైకును కెమెరాకు కనిపించకుండా దాచాలి, వాద్యాలవాళ్ళను చట్రం బయట కూర్చోబెట్టాలి, నటి నటిస్తూనే శ్రుతిలో పాడాలి. ఎక్కడ తప్పు దొర్లినా మొత్తం మళ్ళీ మొదటికి రావాలి. ఫిలిం ఖరీదైన సరుకు. ఈ పనికి అందమైన ముఖాలు మూకీ సినిమాల్లో ఎన్ని ఉన్నా చాలవు. తెలుగు తెలిసి, పద్యం వచ్చి, పాత్ర నోటికి వచ్చి, ఒక్క విడతలో తప్పు లేకుండా పూర్తిచేయగల వాళ్ళు కావాలి. హెచ్.ఎం. రెడ్డి చేసిన పని చాలా తెలివైనది. తెలుగు రంగస్థలం మీద పేరున్న ధర్మవరం రామకృష్ణమాచార్యుల ‘భక్త ప్రహ్లాద’ నాటకాన్ని, దాన్ని ఆడి నలిగిన నటులతో సహా బొంబాయికి రప్పించారు. పాటలకు ఖమ్మం ప్రాంతానికి చెందిన చందాల కేశవదాసు కలం తోడైంది. అంటే కథ, సంభాషణ, పద్యం, గొంతు అన్నీ నాటకం నుంచి వచ్చినవే. బొంబాయి ఇచ్చింది యంత్రం, పెట్టుబడి. ఆ సినిమా ప్రతి మనకు దక్కలేదు గనుక లీలావతి ఎలా పాడిందో వినే భాగ్యం లేదు. కానీ ఆ రోజుల పని పద్ధతి తెలిసినవారికి ఆమె ఏ అర్హతతో అక్కడ నిలబడిందో ఊహించడం కష్టం కాదు.

ఇది ఒక్క తెలుగులోనే జరిగి ఉంటే యాదృచ్ఛికం అనవచ్చు. 1931 అక్టోబరులో వచ్చిన తమిళ టాకీ ‘కాళిదాస్’లో నాయిక టి.పి. రాజలక్ష్మి తమిళ నాటక కంపెనీల నుంచి వచ్చిన నటి. దర్శకుడు మళ్ళీ హెచ్.ఎం. రెడ్డే. 1935లో ‘నందనార్’ తీసినప్పుడు కె.బి. సుందరాంబాళ్‌కు లక్ష రూపాయల పారితోషికం ఇచ్చారు. అందులో ఆమె వేసింది పురుష పాత్ర. స్త్రీకి పురుష వేషం వేసి లక్ష రూపాయలు ఇచ్చిన నిర్మాత దేనికి వెల కట్టాడు? నాటకాల్లో జనం చెవుల్లో నిలిచిపోయిన ఆ గొంతుకు. మన పొరుగు మరాఠీని చూడండి. 1913లో ఫాల్కే ‘రాజా హరిశ్చంద్ర’ తీస్తే తారామతి వేషం అన్నా సాళుంకే అనే యువకుడు వేశాడు. 1917 ‘లంకా దహన్’లో అతనే రాముడు, అతనే సీత. అదే 1913లో ‘మోహినీ భస్మాసుర్’కు స్త్రీలు ముందుకొచ్చినప్పుడు వాళ్ళు నాటక కంపెనీ స్త్రీలే: దుర్గాబాయి కామత్, ఆమె కుమార్తె కమలాబాయి గోఖలే. 1932లో వచ్చిన తొలి మరాఠీ టాకీ ‘అయోధ్యేచా రాజా’ నాయిక దుర్గా ఖోటే మాత్రం నాటకరంగం నుంచి రాలేదు. చదువుకున్న సంపన్న కుటుంబ స్త్రీ. నా వాదానికి ఇది ఎదురుదెబ్బ అనిపించవచ్చు. కానీ ఆ చిత్రానికి సంగీతం కూర్చి, హరిశ్చంద్రుడిగా నటించినవారు గోవిందరావు టేంబే. ఆయన మరాఠీ సంగీత నాటకం పెంచిన మనిషి. కథానాయిక కొత్తదైన చోట కూడా టాకీ తన గొంతును పాత రంగస్థలం నుంచే తెచ్చుకుంది.

ఇక్కడ ఒక గట్టి ఆక్షేపణ ఉంది. గొంతే ప్రధానమైతే స్త్రీ పాత్రల్లో తిరుగులేని స్థానం నరసింహారావు వంటివారిని టాకీ ఎందుకు నాయికలుగా నిలుపుకోలేదు? ఆయన సత్యభామ కోసం జనం ఊళ్ళు దాటి వెళ్ళేవారు. 1956లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. మరాఠీలో బాలగంధర్వ అంతటివారు 1937లో ‘సాధ్వీ మీరాబాయి’లో మీరాగా నటించినా ఆ చిత్రానికి ఆదరణ దక్కలేదు. కెమెరా దగ్గరికి వచ్చి ముఖం చూపిస్తుంది గనుక మగవాడి వేషం బయటపడిందని సాధారణంగా చెబుతారు. కానీ మూకీలో సాళుంకే సీతగా మెప్పించాడు కదా! ముఖం ఒక్కటే కారణమైతే అప్పుడే బయటపడాలి. నాకు తోచే సమాధానం ఇది. నాటకశాలలో ప్రేక్షకుడు మగవాడు స్త్రీగా మారే విద్యను కూడా చూడడానికి వస్తాడు. ఆ మార్పు తెలిసి ఉండడమే ఆనందం. టాకీ మాట వినిపించగానే పాత్ర పక్కింటి మనిషిలా దగ్గరైంది. అప్పుడు ముఖమూ గొంతూ ఒకే మనిషివి కావాలన్న కోరిక పుట్టింది. ఆ క్షణానికి సిద్ధంగా ఉన్నది సురభి వంటి కంపెనీల స్త్రీలు. స్థానంవారి విద్య చిన్నదని దీనికి అర్థం కాదు. ఆయన విద్యకు రంగస్థలం తప్ప మరో ఇల్లు లేదు. కమలాబాయి విద్య రెండిళ్ళలోనూ చెల్లింది. 1971లో ఫిబ్రవరిలో స్థానం, మార్చి 30న కమలాబాయి వెళ్ళిపోయారు. స్త్రీ పాత్రను మోసిన రెండు సంప్రదాయాల ప్రతినిధులు నెలన్నర వ్యవధిలో కన్నుమూశారు.

రెండో ఆక్షేపణ ఈ జిల్లాల నుంచే రావాలి, వస్తే న్యాయమే. స్త్రీ పాత్రలు స్త్రీలే వేయడం సురభితో మొదలైందా? ఉమ్మడి నిజామాబాదు జిల్లాలో చిందు భాగవతం చూసినవాళ్ళెవరూ ఆ మాట ఒప్పుకోరు. చిందు కుటుంబాల్లో ఆడవాళ్ళు గజ్జె కట్టి, పాడి, ఆడి, రాత్రంతా కథ నడిపారు. బోధన్ మండలం అమ్దాపూర్‌లో నివసించి 2005లో కన్నుమూసిన చిందుల ఎల్లమ్మ చిన్నతనం నుంచే వేషం కట్టిన కళాకారిణి. కమలాబాయి కంటే ఆమె ఏ విషయంలో తక్కువ? గొంతులోనా, ధారణలోనా, ఓర్పులోనా? దేనిలోనూ కాదు. తేడా మరోచోట ఉంది. సురభి ఆట టిక్కెట్టు పెట్టి, తెరలు కట్టి, పట్టణాల్లో ఆడింది. పద్యం పండితులకు తెలిసిన పద్యం. చిందు ఆట ఊరి వాడలో, దళితుల గడపలో, వాళ్ళు ఆనవాయితీగా ఇచ్చే ‘త్యాగం’ మీద నడిచింది. బొంబాయి స్టూడియో మనుషులు వెదికినప్పుడు వాళ్ళ చూపు టిక్కెట్టు ఉన్న రంగస్థలం దాకానే వచ్చింది. అలాగే తరతరాలుగా సంగీతాన్ని, నృత్యాన్ని కాపాడిన కళావంతుల స్త్రీలను సంఘసంస్కరణ నెపంతో తప్పుపట్టిన సమాజమే, సురభి స్త్రీలను ‘కుటుంబ స్త్రీలు’ అని మెచ్చుకుంది. కనుక కమలాబాయిని ‘మొట్టమొదటి’ అని నిలబెట్టినకొద్దీ ఎల్లమ్మలాంటివాళ్ళు వరసలో లేకుండా పోతారు. ఆమెను ఒక వృత్తికి ప్రతినిధిగా చూస్తే ఆ వృత్తిలో ఎల్లమ్మకూ, పేరు తెలియని చిందు స్త్రీలకూ సమాన పీట వేయవచ్చు. నా వాదం ఈ ఆక్షేపణతో బలహీనపడదు, ఇంకా విశాలమవుతుంది.

రెండో దశకు వద్దాం. 1932లోనే సాగర్ మూవీటోన్ సంస్థ సర్వోత్తమ బదామి దర్శకత్వంలో రెండు తెలుగు చిత్రాలు తీసింది. ‘పాదుకా పట్టాభిషేకం’లో అద్దంకి శ్రీరామమూర్తి రాముడైతే కమలాబాయి సీత, ‘శాకుంతల’లో యడవల్లి సూర్యనారాయణ పక్కన ఆమె శకుంతల. ఆ ఇద్దరు నటులూ పద్యనాటకరంగంలో ఆరితేరినవాళ్ళు. 1933లో కళ్ళకూరి సదాశివరావుతో ‘పృథ్వీపుత్ర’ వచ్చింది. లీలావతి, సీత, శకుంతల: ఈ పాత్రల వరస చూస్తే సినిమా ఆమెకు కొత్తగా ఏదీ ఇవ్వలేదనీ, నాటకాల్లో జనానికి చిరపరిచితమైన వాటినే తీసుకెళ్ళి తెర మీద పరిచిందనీ తెలుస్తుంది. బొంబాయిలోనే ఉండి ఆమె హిందీ చిత్రాల్లోనూ నటించారు. తెలుగు మాట్లాడే ఆరె మరాఠీ స్త్రీ బొంబాయిలో హిందీ టాకీలో పాత్ర వేయడం ఆనాటికి వింత కాదు. శ్రుతి, లయ తెలిసినవారికి భాష అడ్డం కాని కాలం అది. ఈ కొన్నేళ్ళలో నటి జీతం, నటి పేరు, నటి స్థానం అన్నీ ఆమె సొంత గొంతు మీద ఆధారపడ్డాయి.

మూడో దశ ఒక సాంకేతిక మార్పుతో మొదలైంది. 1935లో ‘ధూప్ ఛావ్’ వంటి చిత్రాలతో కలకత్తాలో నేపథ్యగానం మొదలై, మరో పదేళ్ళలో దక్షిణాదికి పాకింది. పాట ఒకరు పాడతారు, పెదవులు మరొకరు కదుపుతారు. సినిమాకు దానివల్ల లాభమే జరిగింది: గాయని గాయనిగా, నటి నటిగా తమ తమ పనుల్లో మరింత పదును సాధించారు. నష్టపోయింది ఆ రెంటినీ ఒకే శరీరంలో మోసిన పాత వృత్తి. దీనికి నిదర్శనం ఒకే సినిమాలో ఉంది. 1951లో విజయావారి ‘పాతాళభైరవి’లో రాజకుమారి పాత్రధారిణి మాలతి, ఆమె పాటలకు గొంతు పి. లీలది. అదే సినిమాలో తోట రాముడి తల్లిగా కనిపించే స్త్రీ సురభి కమలాబాయి. ఇరవై ఏళ్ళ క్రితం తెలుగు టాకీకి తన గొంతుతో నాయిక అయినావిడ, పాట అవసరం లేని తల్లి పాత్రలో నిలిచారు. వయసు పెరిగింది కదా అని సరిపెట్టుకోవచ్చు. అందులో కొంత నిజం ఉంది. కానీ అదే రంగస్థలం మీదైతే నలభై నాలుగేళ్ళ నటి గొంతు బాగున్నంతకాలం శకుంతల వేసేది. గొంతుకు ముసలితనం ఆలస్యంగా వస్తుంది. ముఖానికి తొందరగా వస్తుంది. సినిమా గొంతును విడదీసి పక్కన పెట్టిన తర్వాత నటి ఆయుర్దాయాన్ని ముఖమే నిర్ణయించింది.

దీనికి రెండు అభ్యంతరాలు చెప్పవచ్చు. పాటలు సొంతంగా పాడుకుంటూ దశాబ్దాలు నాయికగా నిలిచిన భానుమతి సంగతేమిటని ఒకటి. భానుమతికి సొంత నిర్మాణ సంస్థ ఉంది, సొంత స్టూడియో ఉంది. తన గొంతును మరొకరి ముఖంతో కలపడానికి ఒప్పుకోని అధికారం ఆమె చేతిలో ఉంది. ఆ అధికారం లేనివాళ్ళకు ఏం జరిగిందో చెప్పడానికి ఆమె మినహాయింపే సాక్ష్యం. నాటక నటన బిగ్గరగా, కృతకంగా ఉంటుంది, సినిమాకు సహజత్వం కావాలి గనుక వాళ్ళు వెనకబడ్డారని రెండో అభ్యంతరం. అలాగైతే నాటకాల నుంచే వచ్చిన కన్నాంబ 1935 ‘హరిశ్చంద్ర’ నుంచి 1954 ‘మనోహర’ దాకా తెలుగులోనూ తమిళంలోనూ ఏ బలంతో నిలబడ్డారు? మాట బలంతో. పాట చేజారినా సంభాషణ మాత్రం నటి గొంతులోనే మిగిలింది. ఆ మిగిలిన సగంతోనే ఆమె మహానటి అయ్యారు. రంగస్థల గొంతు సినిమాకు పనికిరాకపోవడం నిజమైతే కన్నాంబ మాటకు ప్రేక్షకులు అంతగా కదిలిపోయేవారు కాదు.

ఇక చివరిగా ఒక ప్రశ్న. కమలాబాయి పుట్టుకతోనే ఆ కంపెనీలో ఉంది, ఆమెకు వేరే దారి లేదు, అలాంటప్పుడు అది ఆమె ఘనత ఎలా అవుతుంది? సురభిలో కుటుంబమే కంపెనీ. పిల్ల పుట్టగానే ఆమె పని నిర్ణయమై ఉంటుంది; సంపాదన ఉమ్మడి. ఇందులో ఎంపిక తక్కువ అన్నది కాదనలేం, దాన్ని ఆదర్శంగా చూపించడం కూడా సరికాదు. కానీ వంశం ఇచ్చేది అవకాశమూ, బరువూ మాత్రమే. ఒకే కంపెనీలో పదిమంది పిల్లలు పెరిగితే అందరి గొంతూ చివరి వరస దాకా వినిపించదు. కుటుంబ కంపెనీ దాటి, తెలియని నగరంలో, తెలియని యంత్రం ముందు తన విద్య చెల్లుతుందని నిరూపించిన పని ఆమె సొంతం. కుల వృత్తి అంటూ కుమ్మరి పనితనాన్ని కుండకు కాక కులానికి కట్టబెట్టే అలవాటు మనకుంది. ఆ అలవాటును కళాకారిణి విషయంలోనైనా మానుకోవాలి.

కనుక ఈ స్మారకోపన్యాసం తీర్పు సూటిగా చెబుతాను. తెలుగు టాకీ కమలాబాయిని పుట్టించలేదు. కమలాబాయి లాంటి స్త్రీల విద్య లేకపోతే తెలుగు టాకీ అప్పుడు, ఆ రూపంలో పుట్టేది కాదు. సినిమా చరిత్ర రాసేవాళ్ళు 1932 దగ్గర ఆగకుండా 1885 దాకా, అక్కడి నుంచి తోలుబొమ్మల తెర వెనక్కి వెళ్ళాలి. ఆ తెర వెనకనున్న గొంతులు ఇంకా పూర్తిగా ఆగలేదు. హైదరాబాదు లింగంపల్లి దగ్గరి సురభి కాలనీలో ఆ కుటుంబాలు నేటికీ నాటకాలాడుతున్నాయి. బాబ్జీగా అందరికీ తెలిసిన ఆర్. నాగేశ్వరరావుకు 2013లో పద్మశ్రీ వచ్చింది. మన కామారెడ్డి, నిజామాబాదు జిల్లాల్లో చిందు, యక్షగానం, భజన మేళాల్లో పాడిన స్త్రీలు ఇంకా కొందరు ఉన్నారు. కమలాబాయి గొంతు మనకు మిగలలేదు; వీళ్ళ గొంతులు మిగల్చుకోవడం మన చేతిలో ఉంది. దానికి పెద్ద స్టూడియో అక్కర్లేదు, అందరి జేబుల్లో ఉన్న ఫోను చాలు. బిచ్కుంద కళాశాల విద్యార్థులకూ, గ్రంథాలయాల బాధ్యులకూ, ఉపాధ్యాయులకూ నా మనవి ఒకటే. మీ మండలంలో వేషం కట్టిన, పాట పాడిన ప్రతి స్త్రీ దగ్గరికీ వెళ్ళండి. ఆమె అనుమతి తీసుకుని, పేరు, ఊరు, వేసిన పాత్రలు, నేర్పిన గురువు, ఆటకు దొరికిన కూలి రాసుకోండి. కనీసం ఒక్క పాట రికార్డు చేయండి. ఆ ప్రతిని ఊరి గ్రంథాలయంలో అందరికీ అందుబాటులో పెట్టండి. వచ్చే ఏడాది ఈ సభ జరిగేనాటికి అలాంటి పది రికార్డులు వినగలిగితే, సురభి కమలాబాయికి అంతకు మించిన నివాళి ఉండదు.